కమ్యూనల్ జీవో కొట్టేసిన జడ్జికే డీఎంకే రాష్ట్రాల హక్కుల పని అప్పగించింది

2025 ఏప్రిల్‌లో తమిళనాడు ముఖ్యమంత్రి స్టాలిన్ రాష్ట్రాల హక్కులపై జస్టిస్ కురియన్ జోసెఫ్ నాయకత్వంలో కమిటీ వేసినప్పుడు ఒక పాత పేరు మళ్లీ చర్చకు వచ్చింది. అది రాజమన్నార్. తమిళ రాజకీయాల్లో ఆ పేరుతో చలామణీ అయ్యే నివేదిక 1971 నాటిది. దానికి నాయకత్వం వహించిన పాకాల వెంకట రాజమన్నార్ తెలుగువారు, పైగా తెలుగు నాటకకర్త. మన దగ్గర ఈ సంగతి గుర్తున్నవాళ్లు తక్కువే.

1901లో మద్రాసులో పుట్టారు. తండ్రి వెంకటరమణారావు మద్రాసు హైకోర్టు జడ్జిగా చేశారు. కొడుకు ప్లీడరీతో పాటు నాటకాలూ రాశారు. బళ్లారి రాఘవ ఆడిన తప్పెవరిది ఆయనదే. పౌరాణిక పద్యనాటకాలు రాజ్యమేలుతున్న రోజుల్లో వచ్చిన సాంఘిక నాటకం అది.

అల్లాడి కృష్ణస్వామి అయ్యర్ సుమారు 15 ఏళ్లు చేసిన అడ్వకేట్ జనరల్ పదవి 1944లో రాజమన్నార్‌కు వచ్చింది. అక్కడ ఎక్కువ కాలం లేరు. మరుసటి ఏడాదే జడ్జి అయ్యారు. 1948లో మద్రాసు హైకోర్టుకు పూర్తిస్థాయి ప్రధాన న్యాయమూర్తి అయిన తొలి భారతీయుడిగా నిలిచి, 1961 వరకు కొనసాగారు.

ఆ 13 ఏళ్లలో అన్నిటికన్నా బరువైనది 1950. ప్రొఫెషనల్ కాలేజీల్లో ప్రతి 14 సీట్లలో బ్రాహ్మణేతర హిందువులకు 6, వెనుకబడిన హిందువులకు 2, బ్రాహ్మణులకు 2, హరిజనులకు 2, ఆంగ్లో ఇండియన్లు, క్రైస్తవులకు కలిపి 1, ముస్లింలకు 1 చొప్పున పంచే కమ్యూనల్ జీవో అప్పట్లో అమల్లో ఉండేది. చంపకం దొరైరాజన్ కేసులో రాజమన్నార్ నాయకత్వంలోని ఫుల్ బెంచ్ దాన్ని కొట్టేసింది. ఆయన ప్రభుత్వ న్యాయవాదిగా ఉన్నప్పుడూ మద్రాసులో ఈ వాటాల పద్ధతి నడుస్తూనే ఉంది. అయితే మధ్యలో రాజ్యాంగం వచ్చింది. కులం కారణంగా సీటు నిరాకరించకూడదన్న దాని మాటను బెంచ్ అక్షరాలా తీసుకుంది. తరాల తరబడి బడి గడప తొక్కనివ్వని చరిత్రకు ఆ లెక్కలో చోటు దొరకలేదు. తీర్పులోని లోటు ఇదే.

1951 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు కూడా ఆ తీర్పునే సమర్థించింది. పెరియార్ అనుచరులు వీధుల్లోకొచ్చారు. జూన్‌లో రాజ్యాంగానికి మొదటి సవరణ జరిగి 15(4) చేరింది. విద్యాసంస్థల్లో వెనుకబడిన తరగతుల రిజర్వేషన్లకు నేటికీ ముఖ్యమైన ఆధారాల్లో అదొకటి.

అదే 1950లో కమ్యూనిస్టు న్యాయవాది వి.జి. రావు సంస్థపై ప్రభుత్వం పెట్టిన నిషేధాన్నీ రాజమన్నార్ బెంచే చెల్లదంది. 1952లో సుప్రీంకోర్టు దీన్నీ నిలబెట్టింది. నిన్నటి ప్రభుత్వ లాయరు సర్కారుకు మొహమాటపడలేదన్నమాట.

1953లో ఆంధ్ర విడిపోయింది. మరుసటి ఏడాది గుంటూరులో హైకోర్టు పెడితే కోకా సుబ్బారావు వెళ్లారు. రాజమన్నార్ మద్రాసులోనే ఉండిపోయారు. సంగీత నాటక అకాడమీకి తొలి అధ్యక్షుడు కూడా ఆయనే. సుబ్బారావులా సుప్రీంకోర్టుకు మాత్రం వెళ్లలేదు.

పదవీ విరమణ తర్వాత నాలుగో ఆర్థిక సంఘానికి చైర్మన్ అయ్యారు. ఢిల్లీ నుంచి రాష్ట్రాలకు డబ్బు ఎలా కదులుతుందో అక్కడ దగ్గరగా చూశారు. ఆర్థిక సంఘానికి రాజ్యాంగ హోదా ఉన్నా, అది లేని ప్రణాళికా సంఘం చేతుల మీదుగా పెద్ద మొత్తాలు వెళ్లేవి.

1969 సెప్టెంబరులో కరుణానిధి ప్రభుత్వం కేంద్ర, రాష్ట్ర సంబంధాలపై ముగ్గురితో కమిటీ వేసింది. ద్రవిడ ఉద్యమం రోడ్డెక్కడానికి కారణమైన తీర్పునిచ్చిన జడ్జే దానికి అధ్యక్షుడు. ఎ. లక్ష్మణస్వామి మొదలియార్‌తో పాటు రెండో సభ్యుడు పి. చంద్రారెడ్డి. ఆంధ్రప్రదేశ్, మద్రాసు హైకోర్టులు రెండింటికీ ప్రధాన న్యాయమూర్తిగా చేసిన ఆయనా తెలుగువారే. తమిళుల స్వయంప్రతిపత్తి పత్రంగా పేరుపడ్డ నివేదిక వెనుక ముగ్గురిలో ఇద్దరు మనవాళ్లు!

1971లో ఇచ్చిన ఆ నివేదిక అంతర్రాష్ట్ర మండలి వెంటనే పెట్టమంది. ఐఏఎస్, ఐపీఎస్‌ల వంటి అఖిల భారత సర్వీసులు వద్దంది. రాష్ట్రపతి పాలనకు దారిచ్చే 356 అధికరణను తీసేయమంది. తమిళనాడు అసెంబ్లీ 1974లో స్వయంప్రతిపత్తి తీర్మానం చేసింది. ఇందిరా గాంధీ ప్రభుత్వం ఒప్పుకోలేదు. 1976 జనవరి 31న అదే 356 కింద కరుణానిధి ప్రభుత్వం బర్తరఫ్ అయింది. రాజమన్నార్ 1979లో కన్నుమూశారు. అంతర్రాష్ట్ర మండలి ఏర్పడటానికి ఆ తర్వాత మరో 11 ఏళ్లు పట్టింది.