కొమర్రాజు లక్ష్మణరావు పంతులుగారు

మెరుపు మెరసిన కొంతసేపటికి గాని ఉరుము వినబడదు. కొత్తకుండలోని నీరు నడివేసవియందును చల్లగా నుండును. వానలు వెనుకబట్టినచో నల్లరేగడి నేల నెర్రెలు వారును. రాయికోడు మొదలగు జహీరాబాదు ప్రాంత గ్రామములలో వీనిని చూడని రైతు లేడు. ఎందుచేత నని అడుగని బాలుడును లేడు. నూరేండ్లకు పైబడిన కాలమున ఆ ప్రశ్నకు తెలుగున బదులు చెప్పు పుస్తకము దొరకుట మిక్కిలి అరుదు. ఆ లోటు తీర్చుటకు నడుము కట్టినవారిలో అగ్రగణ్యులు కొమర్రాజు వేంకట లక్ష్మణరావు పంతులుగారు.

వారు 1877వ సంవత్సరము మే 18వ తేదీన కృష్ణామండలమున పెనుగంచిప్రోలునందు జన్మించిరి. పసితనముననే తండ్రి గతించెను. అక్కగారగు భండారు అచ్చమాంబగారు భర్తతో మధ్యపరగణాలయందు కాపురముండుటచే, బాలుడు ఆమె యొద్దకు జేరి నాగపురమున విద్య నభ్యసించెను. బడికి పోని యా అక్క తమ్ముని చదువుతోపాటు తానును చదువుకొని గ్రంథకర్త్రి యయ్యెను. ఇంటిలో విద్య ఒకరినుండి యొకరికి ప్రాకుటను లక్ష్మణరావుగారు ఇట్లు బాల్యముననే కన్నులార జూచిరి. నాగపురమున వారు మరాఠీ భాషను సొంతభాషవలె నేర్చి, అందు వ్యాసములు వ్రాయ సమర్థులైరి. మహారాష్ట్రులు తమ భాషలో చరిత్రలను, శాస్త్రములను రచించుకొనుచుండగా, తెలుగువారికి అట్టి సాధనము కొరవడుట వారి మనస్సును కలచెను.

చదువు ముగిసిన పిమ్మట వారు మునగాల రాజాగారగు నాయని వెంకటరంగారావుగారి సంస్థానమున దివానులైరి. మునగాల పరగణా కృష్ణామండలమునకు చేరినదే యైనను, చుట్టును నిజాము రాజ్యమే. ఆ కారణమున వారి చూపు ఉభయప్రాంతములపై నిలిచెను. 1901వ సంవత్సరము సెప్టెంబరు 1వ తేదీన హైదరాబాదునందు శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయమును, 1904లో హనుమకొండయందు రాజరాజనరేంద్రాంధ్ర భాషానిలయమును వెలసినవి; వీని స్థాపనమునందు వారి పూనిక మెండు. అయితే గ్రంథాలయము వెలసిన మాత్రమున చాలదు; అందుంచుటకు గ్రంథములు కావలెను గదా! 1906లో రావిచెట్టు రంగారావు, గాడిచెర్ల హరిసర్వోత్తమరావు, అయ్యదేవర కాళేశ్వరరావు మొదలగు మిత్రులతో గూడి వారు హైదరాబాదున విజ్ఞానచంద్రికా మండలిని నెలకొల్పిరి. 1908లో అది మద్రాసునకు తరలెను. అదే సంవత్సరమున హరిసర్వోత్తమరావుగారు రాజద్రోహ నేరముపై కారాగారము పాలైరి. అయినను మండలి పని నిలువలేదు.

కందుకూరి వీరేశలింగము పంతులుగారు అంతకు పూర్వమే శాస్త్రగ్రంథములు రచించి త్రోవ చూపియుండిరి. ఒక్కరు నడచిన ఆ త్రోవను పదిమంది నడచు బాటగా జేయుట లక్ష్మణరావుగారి ప్రజ్ఞ. ఏ శాస్త్రమున ఎవరు ప్రవీణులో కనిపెట్టి వారిచేత వ్రాయించుచు, తాము సంపాదకులై దిద్దుచుండెడివారు. ఆచంట లక్ష్మీపతిగారి జీవశాస్త్రము, వేమూరి విశ్వనాథశర్మగారి రసాయనశాస్త్రము ఇట్లు మండలి పక్షమున వెలువడినవే. అబ్రహాము లింకను చరిత్రమును, హిందూదేశ చరిత్రమును, నవలలును ఇదే గ్రంథమాలయందు చేరినవి. కథ చదువగోరి పుస్తకము పట్టిన గృహస్థు చేతికి శాస్త్రమును అందెను.

శాస్త్రమునకు తెలుగు చాలదని ఆ దినములలో పండితులలోనే పలువురు తలచుచుండిరి. పైని జెప్పిన మూడు వింతలనే పరిశీలింతము. మెరుపు వెలుగు రెప్పపాటులో మనకు జేరును. ధ్వని సెకనునకు సుమారు 340 మీటర్లు మాత్రమే నడచును. కావున మెరుపునకును ఉరుమునకును నడుమ లెక్కించిన సెకనులను మూటిచే భాగించినచో, మెరుపు మెరసిన చోటు ఎన్ని కిలోమీటర్ల దూరముననున్నదో చేనిగట్టున నిలిచిన పిల్లవాడును చెప్పగలడు. కుండ పైకి ఊరిన నీరు ఆవిరియగుచు లోపలి వేడిమిని గొనిపోవును. రేగడి మన్ను తడిసిన ఉబ్బును, ఆరిన ముడుచుకొని పగులును. ఊరుట, ఉబ్బుట, ఆవిరి — ఇవన్నియు మన యిండ్లలోని మాటలే. లోటు భాషయందు లేదు. వ్రాయువారి యందును, వ్రాయించువారి యందును ఉండెను.

పిమ్మట వారు అంతకంటె పెద్ద భారమును తలకెత్తుకొనిరి. సకల విషయములను అకారాది క్రమమున వివరించు ఆంధ్రవిజ్ఞానసర్వస్వమును ఆరంభించి, పెక్కు వ్యాసములను స్వయముగా రచించిరి. మూడు సంపుటములు వెలువడినవి; మూడును అకారముతోనే సరిపోయినవి. ఆకారమునకు చేరకముందే, 1923వ సంవత్సరము జూలై 12వ తేదీన, 46 ఏండ్ల ప్రాయమున వారు మద్రాసున పరమపదించిరి. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు ఆ కార్యమును మరల చేపట్టిరిగాని, 1938లో వారును కీర్తిశేషులైరి. తరువాతి కాలమున తెలుగు భాషాసమితి వేరొక విజ్ఞానసర్వస్వమును సంపుటములుగా వెలువరించినది. నాటిన చేయి మారినను మొక్క ఎండలేదు.

జహీరాబాదు ప్రాంతము 1956 వరకు బీదరు జిల్లాలోనిది. ఇంట తెలుగో, కన్నడమో, మరాఠీయో మాటాడు బిడ్డ నిజాము పాలనమున ఉర్దూయందు చదువవలసి వచ్చెడిది. నేడు పలువురు బిడ్డలు శాస్త్రమును ఇంగ్లీషున వల్లించుచున్నారు. ఇంగ్లీషు నేర్చుట దోషము కాదు, లక్ష్మణరావుగారును నేర్చినవారే. కాని పాఠమునందలి శాస్త్రమునకును, పొలమునందలి నెర్రెకును సంబంధము తెలియకున్నచో ఆ చదువు పరీక్షతోనే ముగియును. భూవసతి గల గృహస్థులును, పట్టణములందలి విద్యావంతులును తమ గ్రామ పాఠశాలలో ఒక అలమర తెలుగు శాస్త్రగ్రంథములతో నింపుట గొప్ప వ్యయము కాదు. బిడ్డ ఎందుచేత నని అడిగినపుడు కసరక, ఆ అలమర తలుపు తీసి చూపుదురు గాక. ఆ మహనీయునకు మనము చెల్లింపదగిన ఋణ మిదియే.