ఫుట్‌బాల్ ఉస్తాద్ రహీం సాబ్

విద్య అంటే పుస్తకాల్లో ఉండేది మాత్రమేనని మనలో చాలామందిమి అనుకుంటాం. పిల్లవాడు బంతి పట్టుకుని వీధిలోకి వెళితే చదువు పాడైపోతుందని కోప్పడతాం. అలాంటి మనం తప్పక తెలుసుకోవలసిన జీవితం ఒకటి ఉంది. బడిపంతులుగా బతుకు మొదలుపెట్టి, ఆ బంతినే పాఠంగా చెప్పి, దేశానికి రెండుసార్లు ఆసియా క్రీడల స్వర్ణం సంపాదించి పెట్టిన హైదరాబాదీ జీవితం అది. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. ఆటగాళ్లందరికీ ఆయన రహీం సాబ్.

రహీం సాబ్ 1909 ఆగస్టు 17న హైదరాబాదులో జన్మించారు. ఉస్మానియాలో చదువుకున్నారు. అక్కడే ఫుట్‌బాల్ ఆయనకు ప్రాణమైంది. చదువు ముగిశాక కాచిగూడ, చాదర్‌ఘాట్ తదితర బడుల్లో పాఠాలు చెప్పారు. వ్యాయామ విద్యలో డిప్లొమా కూడా తీసుకున్నారు. తాను ఆడటం కన్నా ఇతరుల చేత ఆడించడంలోనే ఆయన ప్రతిభ వెలుగు చూసింది. 1943లో హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యారు. కన్నుమూసే వరకు ఆ బాధ్యత మోశారు. 1950లో సిటీ పోలీసు జట్టు శిక్షణ కూడా ఆయన చేతికి వచ్చింది.

1948 నాటి కల్లోలం తర్వాత నగరం ఇంకా కుదుటపడుతున్న రోజులవి. ఆ రోజుల్లోనే సిటీ పోలీసు జట్టు బొంబాయి వెళ్లి రోవర్స్ కప్పు గెలిచింది. 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదేళ్లు ఆ కప్పును వదల్లేదు. కలకత్తా జట్లదే ఆట అనుకునే కాలంలో హైదరాబాదు పేరు దేశమంతా మారుమోగింది.

ఇది ఎలా సాధ్యమైంది? రహీం సాబ్ మైదానంలో కూడా ఉపాధ్యాయుడే. పిల్లలకు ఆయన పెట్టిన పోటీలు విచిత్రంగా ఉండేవి. ఒక పోటీలో బంతిని తన దగ్గరే ఉంచుకుని డ్రిబ్లింగ్ చేయకూడదు. అందగానే తోటివాడికి పాస్ ఇవ్వాలి. మరొక పోటీలో అలవాటులేని కాలితోనే తన్నాలి. తాను ఒక్కడే మెరవాలన్న ఆశను మొదటి పోటీ అణచివేసేది. తనలోని లోటును తానే సరిదిద్దుకోవడం రెండోది నేర్పేది. ఈ రెండూ ఆటకే కాదు, మన ఇళ్లకూ మన సమాజానికీ అవసరమైన పాఠాలే.

ప్రతిభ ఎక్కడున్నా వెతికి పట్టుకునేవారు. సికింద్రాబాదు శివార్లలోని అమ్ముగూడకు చెందిన పేదింటి కుర్రవాడు తులసీదాస్ బలరాం. శిక్షణకు నగరానికి రావడానికి అతని దగ్గర డబ్బు లేదు. ఆ కుర్రవాడికి అద్దె సైకిలు ఖర్చు రహీం సాబే ఇచ్చి రప్పించుకున్నారు. ఆ బలరాం తర్వాత రెండు ఒలింపిక్స్ ఆడాడు. అతని మతమేమిటి, కులమేమిటి అని ఉస్తాద్ చూడలేదు. అతని కాళ్లలోని నేర్పు చూశారు, అతని జేబు ఖాళీ అని గమనించారు.

రహీం సాబ్ శిక్షణలో భారత జట్టు 1951లో ఢిల్లీలో జరిగిన తొలి ఆసియా క్రీడల ఫైనల్లో ఇరాన్‌ను 1-0తో ఓడించి స్వర్ణం గెలిచింది. మరుసటి ఏడాది హెల్సింకీ ఒలింపిక్స్‌లో మాత్రం యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో ఘోర పరాజయం ఎదురైంది. అప్పటికి మనవారిలో చాలామంది బూట్లు లేకుండానే ఆడేవారు. రహీం సాబ్ ఆ ఓటమికి కుంగిపోలేదు, దాన్నీ ఒక పాఠంగానే తీసుకున్నారు. నాలుగేళ్లు తిరిగేసరికి, 1956లో మెల్‌బోర్న్‌లో ఆతిథ్య ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి భారత్ సెమీఫైనల్ చేరింది. చివరికి నాలుగో స్థానంలో నిలిచింది. ఒలింపిక్ ఫుట్‌బాల్‌లో భారత్ నేటికీ అంతకు మించి ఎదగలేదు.

ఆయన జీవితానికి అసలు పరీక్ష 1962లో జకార్తాలో ఎదురైంది. ఇజ్రాయెల్‌ను, తైవాన్‌ను ఆ క్రీడలకు రానివ్వకపోవడాన్ని ఒక భారతీయ క్రీడాధికారి తప్పుపట్టారు. దానితో స్థానికుల ఆగ్రహం భారతీయులందరి మీదికీ మళ్లింది. మన రాయబార కార్యాలయంపై దాడి కూడా జరిగింది. జట్టు పరిస్థితి చూస్తే తొలి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా చేతిలో 2-0తో ఓటమి. తర్వాతి మ్యాచ్‌లో డిఫెండర్ జర్నైల్ సింగ్ తల పగిలి కుట్లు పడ్డాయి. గోల్‌కీపర్ తంగరాజ్‌కు జ్వరం.

అయినా థాయ్‌లాండ్‌ను, జపాన్‌ను, దక్షిణ వియత్నాంను దాటుకుని జట్టు ఫైనల్ చేరింది. ఎదుట మళ్లీ అదే కొరియా. గాయంతో ఉన్న జర్నైల్‌ను రహీం సాబ్ వెనక నుంచి తెచ్చి ఫార్వర్డ్‌గా నిలబెట్టారు. జ్వరం నుంచి అప్పుడే లేచిన తంగరాజ్‌కే గోల్ అప్పగించారు. ఫైనల్‌కు ముందు ఆయన ఆటగాళ్లను కోరింది ఒక్కటే. తనకు ఒక బహుమతి కావాలని, అది బంగారు పతకమేనని చెప్పారు.

సెప్టెంబరు 4న దాదాపు లక్షమంది ప్రేక్షకులు మనవారిని గేలి చేస్తుండగా ఆట మొదలైంది. ఆ జనం మధ్య మన జట్టును ఉత్సాహపరిచిన కొద్దిమందిలో పాకిస్తాన్ హాకీ ఆటగాళ్లు ఉన్నారు. 17వ నిమిషంలో పి.కె. బెనర్జీ గోల్ చేశాడు. 20వ నిమిషంలో కుట్ల కట్టుతోనే జర్నైల్ సింగ్ రెండోది సాధించాడు. 2-1తో స్వర్ణం మనదైంది. చునీ గోస్వామి నాయకత్వంలోని ఆ జట్టులో హిందువులు, ముస్లింలు, సిక్కులు, క్రైస్తవులు కలిసి ఆడారు. అందరూ ఒక ఉస్తాద్ మాట విన్నారు.

తొమ్మిది నెలలు గడిచాయో లేదో, ఊపిరితిత్తుల క్యాన్సర్‌తో 1963 జూన్ 11న రహీం సాబ్ కన్నుమూశారు. అప్పటికి ఆయనకు 53 ఏళ్లు. ఆయన కుమారుడు సయ్యద్ షాహిద్ హకీం 1960 రోమ్ ఒలింపిక్స్ జట్టు సభ్యుడు. రోమ్ తర్వాత ఫుట్‌బాల్‌లో మన దేశం ఒలింపిక్స్‌కు అర్హత సాధించలేదు. జకార్తా తర్వాత ఆసియా క్రీడల్లో స్వర్ణమూ రాలేదు. 1970లో కాంస్యం తెచ్చిన జట్టుకు మరో హైదరాబాదీ సయ్యద్ నయీముద్దీన్ నాయకుడు. ఆ తర్వాత ఆ వెలుగు క్రమంగా తగ్గిపోయింది.

మనిషి మరణించాక కూడా ఆగని పుణ్యాల్లో ఇతరులకు మేలు చేసే విద్య ఒకటని దైవప్రవక్త (స) మనకు బోధించారు. అయితే విద్య నిలవాలంటే దాన్ని అందుకునే చేతులు కూడా ఉండాలి. 2020లో పి.కె. బెనర్జీ, చునీ గోస్వామి, 2021లో హకీం, 2023లో బలరాం వెళ్లిపోయారు. రహీం సాబ్ పాఠాలను స్వయంగా విన్నవారు ఒక్కొక్కరే తరలిపోయారు. 2024లో ఆయన కథతో హిందీలో ‘మైదాన్’ సినిమా వచ్చేదాకా ఆయన పుట్టిన నగరంలోనే ఎందరో పిల్లలకు ఆ పేరు తెలియదు.

తప్పు పిల్లలది కాదు, చెప్పని పెద్దలది. కప్పు ఎత్తినవాడిని మనం భుజాన మోస్తాం, ఎత్తడం నేర్పినవాడిని మరచిపోతాం. మన పిల్లలకు ఖురాన్ నేర్పే హజ్రత్, లెక్కలు చెప్పే మాష్టారు, ఆట నేర్పే పీటీ సారు ఎవరో, ఎలా బతుకుతున్నారో మనలో ఎందరం అడిగి తెలుసుకున్నాం? ఈ జుమా నాడు నమాజ్ ముగించుకుని ఇంటికి వచ్చాక పిల్లలను కూర్చోబెట్టి రహీం సాబ్ కథ చెబుదాం. వారికి చదువు చెప్పేవారి గురించి వారినే అడుగుదాం. అల్లాహ్ రహీం సాబ్‌ను కరుణించుగాక, తెలిసినది దాచుకోకుండా పంచే ఉస్తాద్‌లను మన పిల్లలకు ప్రసాదించుగాక. ఆమీన్.