శిలలను జదివిన హిస్లాపు పండితుఁడు

ఈ సంవత్సరపు మహాసభ శ్రీ రాజరాజేశ్వరస్వామి కొలువున్న వేములవాడ క్షేత్రమున జరుగుచున్నందున, సంచిక కొక మహనీయుని చరిత్రము వ్రాసి పంపవలసినదని కార్యనిర్వాహకులు మమ్ముఁ గోరిరి. మనవారు తరతరములుగా ఉలియు సుత్తెయుఁ జేతఁ బట్టి శిలతోఁ గాలము గడపినవారు. కావున శిలను వేఱొక విధమునఁ జదివిన యొక మేస్త్రీ కుమారుని చరిత్రమే యిచటికిఁ దగునని మాకుఁ దోఁచినది. ఆయన మన దేశమువాఁడు గాఁడు, మన మతమువాఁడును గాఁడు. అయినను మన యుత్తర తెలంగాణపు నేలలో నిద్రించుచున్న పురాతన జంతువుల యస్థులను లోకమునకుఁ దెలిపినవారిలో నగ్రగణ్యుఁడు. ఆయన పేరు స్టీఫెన్ హిస్లాపు.

రాయి మాటాడునను సంగతి వేములవాడ ప్రాంతమువారికిఁ గ్రొత్తది గాదు. కురిక్యాల దగ్గఱి బొమ్మలగుట్టమీఁద 10వ శతాబ్దియందు జినవల్లభుఁడు చెక్కించిన శాసనమునఁ దెలుఁగు కందపద్యములు నేఁటికిని గానవచ్చుచున్నవి. అది వేయి యేండ్ల నాఁటి మాట. కోట్ల యేండ్ల నాఁటి మాట చెప్పు రాళ్లును గలవు. కాని యవి మన వేములవాడ, కరీంనగరముల చుట్టునున్న నల్లసేనపు గుండ్లు గావు. ఈ గుండ్లు భూగర్భమునఁ గరఁగి చల్లాఱి గట్టిపడినవి గనుక వానిలో జంతువుల జాడ యుండదు. అట్టి జాడ వెదకవలెనన్న గోదావరిని దాఁటి ప్రాణహితా తీరమునకుఁ బోవలెను. అచట నొకప్పుడు నదులు తెచ్చి పఱచిన బురదయు నిసుకయుఁ బొరలుపొరలుగాఁ బేరుకొని రాయిగా మాఱినవి. ఆ బురదలోఁ గూరుకొనిన జంతువుల యెముకలలో నీటియందలి ఖనిజములు మెల్లమెల్లగాఁ జొచ్చి, యెముకయొక్క యాకృతి చెడకయే దానిని శిలగా మార్చినవి. వీనినే శిలాజములందురు.

హిస్లాపుగారు 1817 సెప్టెంబరు 8వ తేదీన స్కాట్లండు దేశమున డన్స్ అను చిన్న పట్టణమున జన్మించిరి. తండ్రి రాతికట్టడపు మేస్త్రీ. సంపన్నకుటుంబము గాకున్నను కుమారునికి విద్య చెప్పించుటలో నాతఁడు వెనుదీయలేదు. హిస్లాపుగారు ఎడింబరో, గ్లాస్గో నగరములందు విద్య ముగించి, స్కాట్లండు స్వతంత్ర క్రైస్తవసంఘమువారిచే మతబోధకులుగా నియుక్తులై 1844లో మన దేశమునకుఁ బయనమై, 1845 ఫిబ్రవరిలో నాగపురముఁ జేరిరి. అప్పటికి నాగపురమున భోంసలే రాజుల ప్రభుత్వమే నడచుచుండెను. 1846లో నచట నొక పాఠశాల నెలకొల్పి, బాలురకు విద్య గఱపుటయే తమ ముఖ్యవ్రతముగాఁ బెట్టుకొనిరి. వారి పేరిట నాగపురమున 1883లో వెలసిన కళాశాల నేఁటికిని నడచుచున్నది.

1847లో రాబర్టు హంటరు అను మఱియొక బోధకుఁడు వచ్చి వారికి సహచరుఁడయ్యెను. ఇరువురకును బ్రకృతిశాస్త్రములయందుఁ బ్రీతి మెండు. 1851లో నొకనాఁడు వారు నాగపుర సమీపమునఁ దాక్లి గ్రామపు మెట్టలలో సంచరించుచుండఁగా రాతిలో నిమిడియున్న చిన్న గుల్లలును నెముకముక్కయుఁ గంటఁబడినవి. పైనను క్రిందను అగ్నిపర్వతముల ద్రవము గడ్డకట్టిన నల్లరాయి, నడుమ మంచినీటి గుల్లలు! అనఁగా నొకమాఱు ద్రవము ప్రవహించి చల్లాఱిన పిమ్మట నాచోటఁ జెఱువులేర్పడి జీవులు పెరిగి, మఱల వానిమీఁద ద్రవము పాఱినదన్నమాట. ఇట్టి యూహ యొక్క గుల్లను జూచి కలుగుటకుఁ జూపు మాత్రము చాలదు, ఓర్పు గావలెను. అది మొదలు హిస్లాపుగారు పాఠశాలనుండియు బోధనల సంచారమునుండియు దొరకిన విరామమంతయు శిలలకే వినియోగించిరి.

శాస్త్రమభ్యసించుటకు వారికిఁ బెద్ద గ్రంథాలయము గాని, పరిశోధనశాల గాని, యుద్యోగపు హోదా గాని లేదు. ఉండినవి సుత్తె, సంచి, గుఱ్ఱము, ఉత్తరములు వ్రాయు చేయి. ఏ గ్రామమున నే రాయి దొరకినదో గుర్తువ్రాసి యుంచి, తమకుఁ దెలియనిదానిని దెలిసినవారికిఁ బంపుచుండిరి. మాంగలి గ్రామమున దొరకిన యొక పుఱ్ఱె లండనుకుఁ జేరఁగా, 1855లో రిచర్డు ఓవెన్ పండితుఁ డది ప్రాచీన ఉభయచరమునిదని నిర్ణయించి దానికి బ్రాకియాప్సు లాటిసెప్సు అని నామకరణము చేసెను. నాగపుర పరిసరముల యాకుల శిలాజములను బన్బరీ యను నతఁడు 1861లో వర్ణించెను. తాక్లి దగ్గఱ దొరకిన యొక ఖనిజమునకు 1859లో హిస్లోపైటు అను పేరు పెట్టిరి. హంటరు దేహారోగ్యము చెడి 1855లో స్వదేశమునకు మఱలిపోయిన పిదప నీ భారమంతయు హిస్లాపుగారిమీఁదనే పడెను.

ఇఁక మన సీమకు వత్తము. నాఁటి నిజాము రాజ్యములోనిది, ఉమ్మడి ఆదిలాబాదు జిల్లాలోని మలేరి యను గ్రామము. దాని చుట్టును నెఱ్ఱని బంకమన్ను పొలములు. వానవచ్చి మన్ను కొట్టుకొనిపోఁగా నడుగునుండి యెముకలును బండ్లును బయల్పడుచుండును. అచటి పండ్లు హిస్లాపుగారి మూలమునఁ గలకత్తాలోని భూగర్భశాఖాధ్యక్షుఁడైన టామస్ ఓల్డుహాంకు లభించెను. అవి గాడులు దీఱిన పలకలవంటివి. ఓల్డుహాం 1859లో వానిని సెరటోడసు అను మత్స్యజాతివని చెప్పి, యందొకదానికి హిస్లాపుగారి పేరును, మఱియొకదానికి హంటరు పేరును బెట్టెను. ఆ జాతి లోకమున నశించిపోయినదని యప్పటి పండితులు తలఁచుచుండిరి. అట్టిది 1870లో ఆస్ట్రేలియా ఖండపు క్వీన్సులాండు నదులలో నీటను, గాలిని గూడఁ బీల్చి బ్రదుకు నొక చేఁప పట్టువడఁగా, క్రెఫ్టు పండితుఁడు దాని పండ్లను జూచి యది సెరటోడసు వంశమువాఁడేయని గుర్తించెను. రాతిలోని పన్ను సజీవమత్స్యమునకు బంధువును జూపినది! ఈ వింత చూచుటకు హిస్లాపుగారు బ్రదికియుండలేదు.

వారి నిర్ణయములన్నియు నిలిచినవని మేము చెప్పము. నల్లరాతి నడుమనున్న గుల్లల కాలమును 1860 నాఁటి వ్యాసమున వారు మఱింత యర్వాచీనమని తలఁచిరి. అవి యిప్పటికి సుమా ఱాఱుకోట్ల యఱువది లక్షల యేండ్ల నాఁటివని నేఁటివా రెఱుఁగుదురు. అయినను దోషము దిద్దుటకుఁ గావలసిన గుల్లలను, గ్రామముల పేళ్లను, పొరల వరుసను వారే యందిచ్చిరి. గుర్తులు సరిగా వ్రాసినవాని పొరపాటు సయితము పైవారికి మెట్టగును.

శిలలయందే కాక మనుష్యులయందును వారి దృష్టి ప్రసరించినది. ఆ యడవులలో వసించు గోండుల భాషను, లింగో దేవుని గాథను, ఆచారములను వారు శ్రద్ధతో సేకరించిరి. ఏ గోండుల సీమను వారట్లు తిరిగిరో యా గోండుల పేరే తరువాత 1872లో మెడ్లికాటు అను భూగర్భపండితుని వలన నీ శిలాసముదాయమునకు గోండ్వానా యని పెట్టఁబడినది. నేఁడు దక్షిణఖండములన్నియు నొక్కటిగా నున్న కాలపు భూమిని లోకమంతయు గోండ్వానాభూమి యనుచున్నది.

1863 సెప్టెంబరు 4వ తేదీ. నాగపురమున కనతిదూరమునఁ దాకల్‌ఘాటు వద్ద పూర్వుల సమాధులుగాఁ దలంపఁబడు రాతివలయములను ద్రవ్వి చూచుటకు, రాష్ట్రాధికారి యగు రిచర్డు టెంపుల్‌గారితోఁ గూడి హిస్లాపుగారు వెళ్లిరి. పని ముగిసిన పిదపఁ దక్కినవారు ముందు సాగిరి. హిస్లాపుగారు మాత్రము గ్రామపాఠశాలను బరీక్షింపవలెనని వెనుక నిలిచిరి. పిల్లల పాఠములు విని, యొంటరిగా గుఱ్ఱమెక్కి మఱలుచుండ, వానలకుఁ బొంగిన వాఁగు దారి కడ్డమాయెను. ఆ ప్రవాహమునఁ బడి వారు ప్రాణములు విడిచిరి. నాలుగు దినములు గడచిన 46 సంవత్సరములు నిండియుండెడివి. భార్యయు బిడ్డలును దుఃఖసముద్రమున మునిఁగిరి. ఉపాధ్యాయవృత్తిలో జీవితము గడపిన మా కీ ఘట్టము చదివినప్పుడెల్లఁ గనులు చెమ్మగిలును. వారి కడపటి పని బడిపిల్లల పాఠము వినుట! వారు విడిచిపోయిన గోండుల విషయములను టెంపుల్‌గారు వృథాపోనీక 1866లో గ్రంథముగాఁ బ్రకటించిరి.

వారనంతరము మలేరి కీర్తి దినదినాభివృద్ధి నొందినది. హిస్లాపుగారి స్వదేశమైన స్కాట్లండులో ఎల్గిను పట్టణప్రాంతపు రాతిలో దొరకిన యొక సరీసృపమునకు హక్స్‌లీ పండితుఁడు 1859లో హైపరోడాపెడాన్ అని పేరిడియుండెను. చిలుకముక్కువంటి మూతియు, వరుసలు దీఱిన పండ్లును గలిగి మొక్కలు మేయు జంతువది. 1869లో నదే జాతి మలేరిలోను గలదని యాయనయే వెల్లడించెను. స్కాట్లండు రాయియు మన రాయియు నొక్క యుగమువని యిట్లు తేటపడెను. హిస్లాపుగారి జన్మదేశమును గర్మదేశమును గోట్ల యేండ్లకుఁ బూర్వ మొక్క ప్రాణికి నిలయములై యుండినవన్నమాట. మలేరి పొరల కిపుడు సుమా ఱిరువదిరెండుకోట్ల యేండ్ల వయస్సు చెప్పుచున్నారు.

1885లో లిడెక్కరు పండితుఁడు మలేరిలోని మొసలివంటి యొక జంతువునకుఁ బారాసూకసు హిస్లోపి యని పేరిడి మృతుని స్మరించెను. అయితే లిడెక్కరు చూపిన ముక్కలలో వేఱు జంతువు యెముకయుఁ గలసియున్నదని తరువాతఁ దేలుటచే నీ పేరునకే యాపద వచ్చినది. భారతీయ గణాంకసంస్థవారు మలేరియందు సంపూర్ణమైన యస్థిపంజరములను ద్రవ్వి తీసిరి; శంకర ఛటర్జీగారు 1978లో వానిని వర్ణించిరి. ఆ క్రొత్త పంజరమునే ప్రమాణముగాఁ గొనవలెనని 2003లో నంతర్జాతీయ జంతునామసంఘమువారు తీర్పుచెప్పుటతో హిస్లాపుగారి పేరు స్థిరమైనది. ఆ మొసలివంటి జంతువుల కడుపుచోటున మఱొక చిన్న సరీసృపముల యస్థులును గనఁబడినవి. వానికి మన యూరిపేరనే 1980లో మలేరిసారసు అని పేరిడిరి. తినినదియుఁ దినఁబడినదియు నొక్క గోతిలోనే శిలయైనవి!

ఆ గణాంకసంస్థకు 1957లో లండనునుండి వచ్చి బాలపండితులను దీర్చినది పమేలా రాబిన్‌సను అను విదుషీమణి. 1961లో సిరొంచ ప్రాంతమునఁ బోచంపల్లి వద్ద దొరకిన మహాకాయముగల డైనోసారునకు 1975లో బారాపాసారసు టాగోరై యని రవీంద్రకవి పేరు చేర్చి నామకరణము చేసిరి. మన తెలుఁగువారగు పి. యాదగిరిగారు యామన్‌పల్లి వద్ద దొరకినదానికి 1988లోఁ గోటసారసు యామన్‌పల్లియెన్సిసు అని పేరిడిరి. దాని పంజరము హైదరాబాదు బిర్లా విజ్ఞానకేంద్రమునఁ జూడవచ్చును. నంబాల, జక్కులపల్లి గ్రామముల పేళ్లు గూడ 2011లో రెండు డైనోసారుల పేళ్లలోఁ జేరినవి. మన పల్లెల పేళ్లు ప్రపంచవిద్యాలయములలో నుచ్చరింపఁబడుచున్నవి.

ఇచట మా తప్పొకటి యొప్పుకొనవలెను. ముప్పది యేండ్లకుఁ బూర్వము మేము గోదావరి కావలియొడ్డునఁ బనిచేయుచుండఁగా, నొక విద్యార్థి పొలములో దొరకినదని యెముకవంటి బరువైన రాయిఁ దెచ్చి మా బల్లమీఁదఁ బెట్టి యిది యేమని యడిగెను. మేము మాకు వచ్చిన శ్లోకజ్ఞానముతో నది యే రాక్షసుని తొడయెముకయో యని నవ్వి, బడి వెనుకఁ బాఱవేయించితిమి. ఆ బాలుఁడు మఱల నెన్నఁడును రాయి తేలేదు. పిదప హిస్లాపుగారి చరిత్రము తెలిసినప్పుడు మాకు సిగ్గు గలిగినది. మేము పాఱవేసినది రాతిని మాత్రము గాదు, పిల్లవాని ప్రశ్నను. ఏ పన్ను పోయినదో, ఏ పేరు పుట్టక ముందే చచ్చినదో యెవ్వరెఱుఁగుదురు?

కావున సభ్యమహాశయులకు మా మనవి యొక్కటి. మీ బిడ్డలు వింతరాయిఁ దెచ్చినచో నవ్వకుఁడు, సుత్తెతోఁ బగులఁగొట్టకుఁడు. ఏ యూర, ఏ పొలమున, ఏ వాఁగున, ఎంత లోఁతున దొరకినదో కాగితముమీఁద వ్రాసి, భూగర్భశాస్త్ర మెఱిఁగినవారికిఁ జూపుఁడు. ఈ పనికి ధనము గాదు, ఓర్పు గావలెను. ఉలి పట్టిన వంశములకు రాతి పొర తెలియును, రాతి పగులు తెలియును. ఇఁక దాని వయస్సు నడుగుట మాత్రమే మిగిలినది. ఒక మేస్త్రీ కొడుకు వేల క్రోసుల దూరమునుండి వచ్చి మన మన్నును జదువఁగా, ఆ మన్నులోఁ బుట్టిన మన బిడ్డలకుఁ జదువరానిది యేమున్నది? ఈ మాట మీ మనస్సుల నాటుఁగాక యని కోరుచు విరమించుచున్నాము. ఇతి శమ్.