జోసెఫిన్ బట్లర్

జోసెఫిన్ ఎలిజబెత్ బట్లర్ (ఏప్రిల్ 13, 1828 - డిసెంబర్ 30, 1906) ఇంగ్లండుకు చెందిన ప్రముఖ సంఘ సంస్కర్త, స్త్రీల హక్కుల ఉద్యమకారిణి. స్త్రీలకు బలవంతపు శరీర పరీక్షలు విధించిన అంటువ్యాధుల చట్టాల రద్దుకై ఈమె 16 సంవత్సరాలకు పైగా పోరాడింది.

తొలి జీవితం

ఈమె నార్తంబర్లాండ్ లోని మిల్‌ఫీల్డ్‌లో జన్మించింది. తండ్రి జాన్ గ్రే బానిసత్వ నిర్మూలనను సమర్థించినవాడు. 1852లో విద్యావేత్త జార్జ్ బట్లర్‌తో వివాహమైంది. 1864లో ఏకైక కుమార్తె ఈవా ఇంటిలో పైఅంతస్తు నుండి పడి మరణించింది. 1866లో కుటుంబం లివర్‌పూల్ చేరిన పిమ్మట, బట్లర్ తన దుఃఖాన్ని దిగమింగి, అక్కడి బ్రౌన్‌లో హిల్ పేదల శ్రమాలయంలోని స్త్రీలకు సేవ చేయసాగింది. నిరాశ్రయులైన, రోగగ్రస్తులైన యువతులను తన ఇంటికే తీసుకువచ్చి ఆదరించింది.

అంటువ్యాధుల చట్టాలు

సైనికులలో సుఖరోగాలను అరికట్టే ఉద్దేశంతో బ్రిటిష్ పార్లమెంటు 1864, 1866, 1869లలో ఈ చట్టాలను చేసింది. ఇవి కొన్ని సైనిక, ఓడరేవు పట్టణాలలో అమలయ్యాయి. వేశ్య అని పోలీసులు అనుమానించిన స్త్రీ వైద్య పరీక్షకు లోబడవలసి వచ్చేది. నిరాకరిస్తే జైలు, రోగమున్నట్లు తేలితే ఆసుపత్రిలో నిర్బంధం. పురుషులకు మాత్రం పరీక్ష లేదు.

సమ్మతి లేని ఈ పరీక్ష చట్టం ముసుగులో జరిగే అత్యాచారమేనని బట్లర్ వాదించింది. 1869లో ఏర్పడిన మహిళల జాతీయ సంఘానికి ఈమె నాయకత్వం వహించింది. జ్యూరీ విచారణ లేకుండా స్త్రీల స్వేచ్ఛను హరించడం మాగ్నా కార్టాకు విరుద్ధమని 1871లో ఒక గ్రంథం వ్రాసింది. గౌరవ కుటుంబీకురాలు ఇటువంటి విషయాలు బహిరంగంగా మాట్లాడడం ఆనాడు తీవ్ర విమర్శలకు గురైంది. 1870 కోల్‌చెస్టర్ ఉప ఎన్నికలో చట్టాలను సమర్థించిన అభ్యర్థికి వ్యతిరేకంగా ప్రచారం చేసినప్పుడు అల్లరిమూక ఈమె బసచేసిన హోటలును చుట్టుముట్టింది. ఆ అభ్యర్థి ఓడిపోయాడు. బలవంతపు పరీక్షలు 1883లో నిలిచిపోగా, 1886లో చట్టాలు రద్దయ్యాయి.

బాలికల రక్షణ

బాలికల అక్రమ రవాణాను పాత్రికేయుడు డబ్ల్యు. టి. స్టెడ్ 1885లో బయటపెట్టినప్పుడు బట్లర్ ఆయనకు సహకరించింది. ఆ సంవత్సరమే పార్లమెంటు లైంగిక సమ్మతికి కనీస వయసును 13 నుండి 16 సంవత్సరాలకు పెంచింది.

భారతదేశంతో సంబంధం

భారతదేశంలో 1868లో ఇటువంటి చట్టమే వచ్చింది. ఇంగ్లండులో రద్దు సాధించిన పిదప బట్లర్, ఆమె సహచరులు భారతదేశంపై దృష్టి సారించారు. ఆ చట్టం 1888లో రద్దయింది. అయినా కంటోన్మెంట్లలో పరీక్షలు కొనసాగుతుండడంతో వీరి ఆందోళన 1890లలోనూ సాగింది.

మరణం

1890లో భర్త మరణించిన తరువాత కూడా ఈమె ఉద్యమాన్ని విడువలేదు. 1906లో నార్తంబర్లాండ్ లోని వూలర్‌లో మరణించింది. డర్హమ్ విశ్వవిద్యాలయంలోని ఒక కళాశాలకు ఈమె పేరు పెట్టారు.