వెండితెరపై బళ్ళారి రాఘవ

గిద్దలూరు, మార్కాపురముల మీదుగా సాగు రైలుమార్గమునకు పూర్వము బళ్ళారి–కృష్ణా రైల్వే అని పేరు. 1970 వరకు కర్నూలు జిల్లాలో నుండిన ఈ సీమకు బళ్ళారి పరాయి ఊరు కాదు. ఆ ఊరి పేరే ఇంటిపేరుగా నిలిచిన నటుడు రాఘవ.

వీరి అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. 1880 ఆగస్టు 2న తాడిపత్రిలో జన్మించిరి. నాటకకర్త ధర్మవరం రామకృష్ణమాచార్యులు వీరికి మేనమామ. రాఘవ న్యాయశాస్త్రము చదివి బళ్ళారిలో వకీలైరి. కూటికై నటింపవలసిన అగత్యము లేదు. కనుకనే నటనను తమకు తోచినట్లు దిద్దగలిగిరి. పద్యమును సాగదీసి రాగము ఆలపించి, వన్స్‌మోర్ అనిపించుకొనుటయే ఘనతగా నుండిన కాలమది. పద్యమైనను పాత్ర పలుకు మాటయే కావలెనని వీరి పట్టుదల. స్త్రీపాత్రలను స్త్రీలే ధరింపవలెననిరి. కొమ్మూరి పద్మావతీదేవి వంటి వారిని రంగమునకు తెచ్చిరి. 1928లో ఇంగ్లండు వెళ్ళి బెర్నార్డ్ షాను కలిసికొనిరి.

ఇంతవరకు విద్యార్థులకును తెలిసిన కథయే. సినిమా కథ అంతగా తెలియదు.

తెలుగు టాకీ 1932లో పుట్టినది. రాఘవ తెరకెక్కునాటికి ఏబదియైదు దాటినవి. 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణము'లో దుర్యోధనులైరి. అదే ఏట అదే కథతో 'ద్రౌపదీ వస్త్రాపహరణము' వచ్చెను. అందు దుర్యోధనుడు యడవల్లి సూర్యనారాయణ. ఆ పోటీలో రాఘవగారి చిత్రమే ఓడినది. నాటకములో ఏ పద్యాల మోజును వీరు నిరసించిరో, ఆ మోజే అప్పటి పౌరాణిక చిత్రములను ఏలుచుండెను. ఓటమికి అదియే కారణమనను గాని, చోటు వీరికి తగినది కాదు.

తగిన చోటు 1939లో దొరికెను. గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'రైతుబిడ్డ'లో వీరు రైతు నరసిరెడ్డి. కిరీటము లేదు, గద లేదు. అప్పులలో మునిగి, ఎన్నికలలో జమీందారు పక్షమునకు ఓటు వేయ నిరాకరించి, అందుకు కష్టముల పాలగు సామాన్యుడు. ఒథెల్లోగా గర్జించిన నటుడు ఇట మన పొలముగట్టు మీది మనిషివలె మాటాడవలసివచ్చెను. ముప్పదియేండ్లుగా సహజనటన కొరకు వాదించినవానికి ఇంతకన్న సరియగు పరీక్ష ఏది? చిత్రమేమనగా, జమీందారీ దౌర్జన్యమును ఎండగట్టిన ఈ సినిమాకు ధనమిచ్చినవారు చల్లపల్లి రాజావారు, ఆయనయు జమీందారే! తక్కిన జమీందారులు మండిపడిరి. కొన్ని తావుల ప్రదర్శన నిషేధింపబడెను. పల్లెలలో ఏ రైతులను గూర్చి తీసిరో, వారిలో చాలమందికి ఆ చిత్రము అందకపోయెను.

1940లో కన్నాంబతో 'చండిక'లో నటించిరి. మరల సినిమా జోలికి పోలేదు. 1946 ఏప్రిల్ 16న కన్నుమూసిరి.

షైలాక్, ఒథెల్లో, కోలాచలం శ్రీనివాసరావు నాటకములోని పఠాన్ రుస్తుం: రాఘవ కీర్తి అంతయు ఈ వేషములది. ఆ మూడు చిత్రములలో వీటిలో ఒక్కటియు లేదు. మనకు తెరపై చూపదగిన రాఘవ, అప్పులపాలైన నరసిరెడ్డియే.