పరుసవేది ప్రోలరాజు

ఓరుగంటి కోట నడుమ స్వయంభూదేవుని ఆలయ ముండెడిది. నేడా మహాలయము శిథిలములుగా మిగిలినది. దానికి నలుదిక్కుల నెత్తిన నాలుగు శిలాతోరణములు మాత్రము చెక్కుచెదరక నిలిచియున్నవి. కోట పటమును పరికించినవారికి ఒక విశేషము గోచరించును. ప్రాకారములు వలయాకారములు. రాతికోటకు నాలుగు దిక్కుల నాలుగు ద్వారములు. ఆ బాటల కూడలికి చేరువనే దేవుని స్థానము. లోకము నడుమ మేరువున్నదని మన పురాణములు చెప్పును. ఓరుగంటి నిర్మాతలు తమ రాజ్యము నడుమ ఒక శివలింగము నుంచిరి. ఆ లింగముతో ముడివడిన పేరు రెండవ ప్రోలరాజుది.

ఏకామ్రనాథుని ప్రతాపరుద్ర చరిత్రమును, కాసె సర్వప్ప సిద్ధేశ్వర చరిత్రమును ఆ కథను చెప్పుచున్నవి. అనుమకొండకు పోవుచున్న బండి యొకటి దారిలో ఒరిగినది. దాని చక్రపు ఇనుపకట్టు నేలలోని శిలకు తగిలి బంగారమైనది. వార్త విని ప్రోలరాజు వచ్చి చూడగా, అది పరుసవేది లింగమని తేలినది. లింగమును కదల్చుట యెవరితరమును కాలేదు. శిల రాజున్న చోటికి రాదు గనుక, రాజే శిల యున్న చోటికి వచ్చి, గుడి కట్టించి, పురమునకు పునాది వేసెనట.

కథ నట్లుంచి శాసనముల ప్రోలరాజును చూతము. ఆతడు రెండవ బేతరాజు కుమారుడు. క్రీ.శ. 1116 ప్రాంతమున అనుమకొండలో అధికారమునకు వచ్చెను. అప్పటికి కాకతీయులు కల్యాణి చాళుక్యుల సామంతులు. 1117 నాటి పద్మాక్షిగుట్ట శాసనము ఆతని మంత్రి బేతన భార్య మైలమ జైన బసది కట్టించుటను తెలుపుచున్నది. ఆ శాసనమున కాలగణనము చాళుక్య చక్రవర్తి ఆరవ విక్రమాదిత్యుని శకముననుసరించియే యున్నది. 1126లో విక్రమాదిత్యుడు గతించెను. పిదప కల్యాణి ప్రాభవము క్రమముగా సన్నగిల్లినది. సామంతులు ఒకరిపై నొకరు కత్తులు దూసిరి. ఆ కల్లోలమున అనుమకొండను నిలిపినవాడు ప్రోలరాజు.

ఆతని విజయములను చెప్పునది వేయిస్తంభముల గుడిలోని 1163 నాటి సంస్కృత శాసనము. ప్రోలరాజునకు ముప్పమాంబయందు జన్మించిన రుద్రదేవుడు దానిని వేయించెను. అచింతేంద్రుడు రచించెను. ప్రోలరాజు మంత్రకూటమునేలు గుండరాజును భంగపరచెను. ఆ మంత్రకూటమే నేటి మంథని. అనుమకొండను ముట్టడించిన జగద్దేవుడు చేయునది లేక వెనుదిరిగెను. తైలపదేవుని యుద్ధమున బంధించియు ప్రోలరాజు భక్తిచేతను, ప్రీతిచేతను విడిచిపెట్టెను. ఈ తైలపుడు చాళుక్య చక్రవర్తియా, కందూరు చోడ వంశీయుడా అన్నదానిపై పండితులలో అభిప్రాయభేదము కలదు. ఎవరైనను, చేజిక్కిన శత్రువును విడిచిపెట్టుట యన్న గుణము మాత్రము శాసనమున స్పష్టము.

ఆతని మరణమునుగూర్చి కథయు, చరిత్రయు వేరుపడుచున్నవి. కథలో రుద్రదేవుడు పితృహంత యగునని జ్యోతిష్కులు చెప్పిరి. తల్లిదండ్రులు శిశువును విడిచిపెట్టగా, స్వయంభూదేవుని ఆలయమున ఆ బాలుడు పెరిగెను. ఒకనాడు గుడిలోనికి వచ్చిన ప్రోలరాజును ఆతడు పగవాడని భ్రమించి పొడిచెను. రాజు కొడుకును గుర్తించి, క్షమించి, రాజ్యము నొసగి ప్రాణములు విడిచెను. చరిత్రకారులు దీనిని విశ్వసింపరు. 1158 నాటి ద్రాక్షారామ శాసనమును బట్టి, ప్రోలరాజు తీరాంధ్ర దేశపు రాజులతో జరిగిన పోరులో మరణించెనని వారి నిర్ణయము.

అయినను కథను పూర్తిగా త్రోసివేయుట తగదు. రుద్రదేవుని శాసనమునకును, ఏకామ్రనాథుని రచనకును నడుమ ఇంచుమించు నాలుగు శతాబ్దుల యెడమున్నది. సంఘటనలు మారిపోయినవి, స్థలము మారినది, చంపినవాడును మారినాడు. మారనిది ప్రోలరాజు క్షమ యొక్కటే. శాసనమున చెరపట్టిన తైలపుని విడిచినవాడు, కథలో తన్ను పొడిచిన కొడుకును మన్నించినాడు. జనులు రాజుల తేదీలను మరతురు గాని స్వభావములను అంత తేలికగా మరువరు.

ఇక పరుసవేది మాట. కాకతీయుల బంగారమునకు మూల మేది? మెట్టనేలల నడుమ వారును, వారి సామంతులును కట్టిన చెరువులే. మొదటి ప్రోలరాజు కేసరితటాకమును, గణపతిదేవుని కాలపు పాకాల, రామప్ప చెరువులును ఇందుకు సాక్ష్యములు. ఎఱ్ఱనేలకు నీరు తగిలి పైరు పసిడియైనది. ఇనుము బంగారమైనదన్న కథలో ఈ అనుభవమే దాగియున్నదని నా తలంపు.

ప్రోలరాజు వేసిన బాటననుసరించి రుద్రదేవుడు స్వతంత్రుడయ్యెను. గణపతిదేవుడు రాతికోట నెత్తించెను, రుద్రమదేవి దానిని పూర్తిచేసెను. 1323లో ఢిల్లీ సైన్యము ఉలుగ్ ఖాన్ నాయకత్వమున ఓరుగల్లును పట్టుకొన్నది. రాజ్యమును నిలుపునని నమ్మిన ఆలయము నేలమట్టమయ్యెను. కదల్పరాని శిల రాజ్యమును కాపాడలేకపోయినది. కాని చెరువులు నేటికిని నీరిచ్చుచున్నవి. తోరణము 2014లో తెలంగాణ రాజచిహ్నమున చేరినది.

చరిత్ర బోధించు ఉపాధ్యాయులు తమ విద్యార్థులను ముందుగా హనుమకొండ శాసనమునొద్దకు, పిదప కోటలోని తోరణముల నడుమకు కొనిపోవుట మేలు. మొదటిచోట ప్రోలరాజు చేసినది తెలియును. రెండవచోట జనులు ఆతనిని గూర్చి తలపోసినది తెలియును. రెండింటిని వేరుచేసి చూడగల విద్యార్థి చరిత్రను నేర్చినవాడు. రెండింటికిని గల సంబంధమును కనిపెట్టినవాడు సాహిత్యమునుకూడ నేర్చినవాడు.