నావికుల బాలశిక్ష - హెన్రీ పిడింగ్టన్

తెలుగు నేలకు తూర్పున బంగాళాఖాతం ఉంది. మేఘాలను పంపి పంటలు పండించేది ఆ సముద్రమే. ఒక్కొక్కప్పుడు ఉగ్రరూపం దాల్చి ఊళ్లను తుడిచిపెట్టేదీ ఆ సముద్రమే. తీరానికి ఎంతో దూరాన, జనగామ జిల్లాలో ఉన్న జఫర్‌గఢ్ వంటి చోట్ల సైతం బంగాళాఖాతంలో వాయుగుండం ఏర్పడితే వానలు కురుస్తాయి, చెరువులు నిండుతాయి. మెట్టప్రాంతపు రైతుకు ఆశ కలిగించే ఆ వార్తే తీరవాసికి ప్రాణభయం కలిగిస్తుంది. తుపాను వేళ సముద్రం పొంగి భూమి మీదకు విరుచుకుపడడాన్ని మన పెద్దలు ఉప్పెన అన్నారు. అనుభవం నుంచి పుట్టిన మాట అది. అయితే ఆ గాలి ఎలా తిరుగుతుందో, ఎటు కదులుతుందో, దాని బారి నుంచి ఓడను ఎలా తప్పించాలో చెప్పే గ్రంథం పందొమ్మిదో శతాబ్ది ప్రథమార్ధం వరకు నావికుల చేతికి అందలేదు. హిందూ మహాసముద్రంలో తిరిగే నావికులకు ఆ కొరత తీర్చినవాడు హెన్రీ పిడింగ్టన్.

పిడింగ్టన్ 1797లో ఇంగ్లండులోని ససెక్స్ ప్రాంతంలో జన్మించాడు. యౌవనంలోనే వర్తక నౌకలలో చేరి, భారత, చైనా సముద్రాలలో ప్రయాణించి, నౌకాధిపతి స్థాయికి ఎదిగాడు. అనంతరం కలకత్తాలో స్థిరపడ్డాడు. అక్కడ భూగర్భ సంపదకు సంబంధించిన ప్రదర్శనశాలకు పర్యవేక్షకుడిగానూ, ఓడ ప్రమాదాలపై విచారణ జరిపే న్యాయస్థానానికి అధ్యక్షుడిగానూ పనిచేశాడు. ఖనిజాలు, నేలలు, పంటలు మొదలైన అనేక విషయాలు ఆయన పరిశీలనకు పాత్రమయ్యాయి. అయినా ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది ఒక పుస్తకం.

ఆ పుస్తకాన్ని రచించినవాడు విలియం రీడ్ అనే సైనిక ఇంజనీరు. 1831లో వెస్టిండీస్‌లోని బార్బడోస్ ద్వీపాన్ని పెనుగాలి ధ్వంసం చేయగా, పునర్నిర్మాణం కోసం ఆయనను అక్కడికి పంపారు. ఆ గాలి స్వభావాన్ని తెలుసుకోవాలన్న జిజ్ఞాసతో ఆయన చేసిన కృషి 1838లో తుపానుల ధర్మాన్ని వివరించే గ్రంథంగా వెలువడింది. అంతకుముందే అమెరికాలో విలియం రెడ్‌ఫీల్డ్ అనే ఆయన, 1821 నాటి తుపానులో కూలిన చెట్లు ఒక్కో ప్రాంతంలో ఒక్కో దిక్కుకు పడి ఉండడం గమనించి, గాలి సుడి తిరుగుతుందని గ్రహించాడు. ఈ భావాలు పిడింగ్టన్‌ను ఆకర్షించాయి. అట్లాంటిక్ సముద్రానికి చెల్లిన సూత్రం బంగాళాఖాతానికీ చెల్లుతుందా అన్న ప్రశ్న ఆయన మనస్సులో నాటుకుంది.

ఆ ప్రశ్నకు సమాధానం వెదకడానికి ఆయన ఎంచుకున్న సాధనం ఓడల దినచర్య గ్రంథం, అనగా లాగ్‌బుక్. ప్రతి ఓడలోనూ గాలి దిక్కు, దాని బలం, బారోమీటరులోని పాదరసమట్టం, ఓడ ఉన్న చోటు ఎప్పటికప్పుడు అందులో రాసిపెట్టేవారు. ప్రయాణం ముగిశాక వాటిని పట్టించుకునేవారు అరుదు. పిడింగ్టన్ వాటిని ఓపికగా సేకరించాడు. ప్రభుత్వం కూడా రేవు అధికారుల ద్వారా, నౌకాధిపతుల ద్వారా ఆయనకు వివరాలు అందేలా తోడ్పడింది. ఒకే తుపానులో చిక్కుకున్న వేర్వేరు ఓడల వివరాలను సముద్రపటం మీద గుర్తించి, ఒకే సమయానికి ఒక్కొక్క ఓడ దగ్గర గాలి ఎటు నుంచి వీచిందో బాణపు గుర్తులతో చూపేవాడు. అప్పుడా బాణాలన్నీ ఒక వలయంగా అమరేవి. వలయానికి నడుమ ఉన్నదే తుపాను కేంద్రం. అలా ఏ రోజుకారోజు కేంద్రాన్ని గుర్తించి, ఆ బిందువులను కలిపితే తుపాను నడిచిన దారి కనిపించేది. ఈ విధంగా 1839 నుంచి ఇరవైకి పైగా స్మారక వ్యాసాలను బెంగాల్ ఏషియాటిక్ సొసైటీ పత్రికలో ఆయన ప్రకటించాడు.

ఈ పరిశోధనలో తెలుగు తీరానికి ముఖ్యమైన స్థానం ఉంది. నేటి కాకినాడకు చేరువలో గోదావరి పాయ ఒడ్డున ఉన్న కోరంగి ఆనాడు పేరెన్నికగన్న రేవు. అక్కడ ఓడలు కట్టేవారు, పాత ఓడలను బాగుచేసేవారు. ఆ రేవు నుంచి బర్మాకు వలస వెళ్లినవారు ఎందరో ఉండడం వల్ల తెలుగువారిని అక్కడ కోరంగీలని పిలిచేవారు. 1789 డిసెంబరులో ఆ రేవును మూడు మహాతరంగాలు ఒకదాని వెంట ఒకటిగా ముంచెత్తాయి. మొదటి అల ఊరిలోకి నీటిని తెచ్చింది, రెండవది పల్లపు ప్రాంతాన్నంతటినీ ముంచింది, మూడవది మిగిలినదాన్ని ఊడ్చివేసింది. సుమారు 20,000 మంది మరణించారని నాటి కథనాలు తెలుపుతున్నాయి. సముద్రం వెనుదిరిగినప్పుడు మిగిల్చిన ఇసుకమేటల కింద శవాలను వెదకడం కూడా సాధ్యం కాలేదు. 1839 నవంబరులో కోరంగిని మరొక ఘోర తుపాను తాకింది. ఆనాటి ఓడల వివరాలను, తీరవాసులు చెప్పిన సంగతులను కూర్చి పిడింగ్టన్ విపులంగా ఒక స్మారక వ్యాసం రాశాడు. గాలి కంటే నీరే ఎక్కువ ప్రాణాలు తీస్తుందన్న సత్యం ఇటువంటి ఉదంతాల పరిశీలన వల్ల ఆయనకు బోధపడింది.

పండితుల పత్రికలో అచ్చయిన వ్యాసాలు సముద్రం మీద ఉన్న నావికుడికి అందవు. అందినా అర్థం కావు. స్వయంగా నావికుడైన పిడింగ్టన్‌కు ఈ సంగతి బాగా తెలుసు. అందుకే ఆయన 1844లో భారత, చైనా సముద్రాలకు ఉపయోగపడే చిన్న పుస్తకాన్ని ప్రకటించాడు. దానిని విస్తరించి 1848లో ది సెయిలర్స్ హార్న్ బుక్ అనే గ్రంథాన్ని వెలువరించాడు. పూర్వం ఇంగ్లండులో పిల్లలకు అక్షరాలు నేర్పే కాగితాన్ని పలుచని కొమ్ముపొరతో కప్పి, చెక్కకు బిగించి ఇచ్చేవారు. దానినే హార్న్ బుక్ అనేవారు. తెలుగునాట పిల్లలకు బాలశిక్ష ఎటువంటిదో ఇంగ్లండు పిల్లలకు అది అటువంటిది. నావికుడికి తుపానుల ఓనమాలు దిద్దించే పుస్తకం కనుక పిడింగ్టన్ ఆ పేరు పెట్టాడు. అంతేగాక, పారదర్శకమైన కొమ్ముపొరలతో చేసిన రెండు చక్రపటాలను కూడా పుస్తకంతో జతచేశాడు. గాలి భూమధ్యరేఖకు ఉత్తరాన అపసవ్య దిశలోనూ, దక్షిణాన సవ్య దిశలోనూ తిరుగుతుంది. కాబట్టి ఒక్కొక్క అర్ధగోళానికి ఒక్కొక్క పటం అవసరమైంది. ఆ పటాన్ని సముద్రపటంపై ఉంచి, తన దగ్గర వీస్తున్న గాలి దిక్కును సరిపోల్చుకుంటే తుపాను కేంద్రం ఏ వైపున ఉందో నావికుడు తెలుసుకోగలడు. బంగాళాఖాతంలో ఉన్నవాడు గాలికి ఎదురుగా ముఖం పెట్టి నిలిస్తే, కేంద్రం ఇంచుమించు అతని కుడివైపున ఉంటుంది. యంత్రాలు లేని తెరచాప ఓడలకు ఈ చిన్న సూత్రం ప్రాణరక్షణ మంత్రం వంటిది.

ఈ జ్ఞానం లేకపోతే ఏమవుతుందో చెప్పడానికి చార్లెస్ హెడిల్ అనే ఓడ ఉదంతం చాలును. 1845 ఫిబ్రవరిలో మారిషస్ సమీపాన తుపానులో చిక్కుకున్న ఆ ఓడ, గాలి ఎటు తోస్తే అటు పరుగెత్తింది. దాదాపు ఐదు రోజులలో కేంద్రం చుట్టూ ఐదు ప్రదక్షిణలు చేసింది. వేయి మైళ్లకు పైగా ప్రయాణించినా, మొదలైన చోటికి ఎంతో దూరం పోలేదు. ఆ ఓడ లాగ్‌బుక్‌ను పరిశీలించిన పిడింగ్టన్, గాలి కేవలం వలయంగా కాక సర్పిలంగా లోపలికి చుట్టుకుంటుందని గ్రహించాడు. ఇటువంటి గాలికి తగిన పేరు కూడా ఆయనే పెట్టాడు. వలయమని, పాము చుట్ట అని అర్థమిచ్చే గ్రీకు పదం ఆధారంగా సైక్లోన్ అనే మాటను సృష్టించాడు. నేడు ప్రపంచమంతటా వాడుకలో ఉన్న ఆ పదం ఆయన గ్రంథం ద్వారానే వ్యాపించింది.

పిడింగ్టన్ ఊహలన్నీ సరైనవి కావు. తుపానులు విద్యుచ్ఛక్తి వల్ల ఆకాశంలో పుట్టి కిందికి దిగుతాయని ఆయన భావించాడు. వెచ్చని సముద్రజలం నుంచి లేచే నీటి ఆవిరి తుపానుకు శక్తినిస్తుందని తరువాతి శాస్త్రం నిరూపించింది. కారణం విషయంలో పొరపడినా, పరిశీలన మీద ఆధారపడిన ఆయన నియమాలు నావికులకు ఎంతోకాలం ఉపయోగపడ్డాయి.

ఆయన మాట పెడచెవిని పెట్టిన ఫలితాన్ని తెలిపే ఘట్టం కూడా ఒకటి ఉంది. హుగ్లీ నదిలో ఇసుక మేటవేస్తున్నదని, కలకత్తాకు ఆగ్నేయంగా సుందరవనాల అంచున మాత్లా నది ఒడ్డున కొత్త రేవు నిర్మించాలని ప్రభుత్వం తలపెట్టింది. 1853లో పిడింగ్టన్ గవర్నర్ జనరల్ డల్హౌసీని ఉద్దేశించి బహిరంగ లేఖ ప్రచురించాడు. ఆ చోటు ఉప్పెనకు ఎదురుగా ఉందని, ఏదో ఒకనాడు ఉప్పునీరు ఆ పట్టణాన్ని ముంచివేస్తుందని అందులో హెచ్చరించాడు. ఆ హెచ్చరికను లెక్కచేయలేదు. రేవు వెలిసింది, రైలుమార్గం వచ్చింది, పోర్ట్ కానింగ్ అని పేరు పెట్టారు. పిడింగ్టన్ 1858లో కలకత్తాలో కన్నుమూశాడు. 1867 నవంబరులో వచ్చిన తుపాను ఉప్పెన ఆ రేవును దెబ్బతీసింది. కొద్ది ఏళ్లలోనే దానిని విడిచిపెట్టవలసి వచ్చింది.

ఈలోగా 1864లో అక్టోబరు తుపాను కలకత్తాను, నవంబరు తుపాను మచిలీపట్నాన్ని అతలాకుతలం చేశాయి. వేలాది ప్రాణాలు పోయాక పాలకులలో చలనం వచ్చింది. రేవులకు తుపాను హెచ్చరికలు పంపే ఏర్పాటు మొదలైంది. 1875లో భారత వాతావరణ శాఖ ఏర్పడింది. అయినా 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచినప్పుడు సుమారు పదివేల మంది బలయ్యారు. ఆ తరువాత తుపాను రక్షణ భవనాలు, రాడార్లు, ఉపగ్రహాలు, వేగవంతమైన సమాచార సాధనాలు సమకూరాయి. 1999లో హైదరాబాదులో సముద్ర సమాచార సేవల జాతీయ కేంద్రం వెలసింది. సముద్రం లేని నగరంలో కూర్చొని శాస్త్రజ్ఞులు నేడు అలల ఎత్తును, ఉప్పెన తీవ్రతను అంచనా వేసి తీరానికి తెలియజేస్తున్నారు.

పిడింగ్టన్ గొప్ప విశ్వవిద్యాలయాలలో చదివిన శాస్త్రవేత్త కాడు. ఎవరో రాసి పక్కన పడవేసిన ఓడల లెక్కలలో నియమాన్ని వెదికినవాడు, వెదికి కనుగొన్నదాన్ని సామాన్య నావికుడు చేతితో పట్టుకొని వాడుకునేలా పుస్తకంగా మలచినవాడు. ఆ బాలశిక్షను నేర్చిన నావికులు ఓడలను ఒడ్డుకు చేర్చుకున్నారు. ఆయన హెచ్చరికను పాటించని పాలకులు ఒక పట్టణాన్నే పోగొట్టుకున్నారు. విద్య ప్రజలకు అందాలి, అందిన విద్యను ఆచరించాలి. పిడింగ్టన్ జీవితం చెప్పే పాఠం ఇదే.